ఒకే తెర మీద నలుగురు దూకాలంటే

కాంట్రాలో మూడో స్టేజీ, జలపాతం. తొంభైల్లో టీవీకి తగిలించే వీడియో గేమ్ డబ్బాలో క్యాసెట్ పెట్టి ఆడినవాళ్లు దాన్ని మర్చిపోరు. రాళ్ల మీద గెంతుకుంటూ ఇద్దరూ పైకి వెళ్లాలి. తెర పైకే జరుగుతుంది, మళ్లీ కిందికి రాదు. ముందున్నవాడు హుషారుగా రెండు రాళ్లు ఎక్కేశాడంటే వెనకవాడు తెర అడుగున జారిపోయి చస్తాడు. తూటా తగల్లేదు, గోతిలో పడలేదు. తోడున్నవాడు తొందరపడ్డాడు, అంతే. ఆ స్టేజీ ఇద్దరూ ప్రాణాలతో దాటే పద్ధతి ఒకటే: వెనకవాడు ముందువాడి రాయి మీదికి చేరి "ఊఁ" అన్నాకే ముందువాడు మళ్లీ దూకాలి. ఇక 30 ప్రాణాలిచ్చే రహస్య కోడ్ సంగతి. టైటిల్ తెర మీద పైకి, పైకి, కిందికి, కిందికి, ఎడమ, కుడి, ఎడమ, కుడి, బి, ఏ నొక్కాక, ఇద్దరు ఆడేట్టయితే స్టార్ట్‌కు ముందు సెలెక్ట్ కూడా నొక్కాలి. అది మర్చిపోతే ఒక్కరి ఆటే మొదలవుతుంది.

ఆ ఆట వచ్చి దాదాపు నాలుగు దశాబ్దాలైంది. కలిసి ఆడే ప్లాట్‌ఫామ్ ఆటల్లో, అంటే గెంతుకుంటూ సాగే ఆటల్లో, ఇప్పటికీ అసలు చిక్కు అదే. అందుకే ఏ ఆట కొనాలా అని చూసేటప్పుడు బొమ్మల అందం కంటే ముందు రెండు విషయాలు తేల్చుకోవాలి. తెర ఎవరి వెంట పోతుంది? ఆట ఎవరి మెషీన్‌లో నడుస్తుంది? ఒకే గదిలో ఆడేవాళ్లకు మొదటిది ముఖ్యం, దూరాన ఉండి ఆడేవాళ్లకు రెండోది. ఇవి చూసుకోకుండా కొన్న ఆట ఎంత మంచిదైనా మూడో రోజుకు మూలన పడుతుంది.

ముందు తెర సంగతి. న్యూ సూపర్ మారియో బ్రదర్స్ వీ, యూ ఆటల్లో నలుగురూ ఒకే తెరలో ఇరుక్కుని ఉంటారు, పైగా ఒకరికొకరు తగులుతారు. ఒకడి తల మీద ఇంకొకడు దిగితే పైవాడు ఎగురుతాడు, కిందివాడి అడుగు తప్పుతుంది. ఇరుకు వంతెన మీద ఇది పెద్ద రభస. అక్కడ ఆదుకునేది బుడగ. కష్టమైన చోట బటన్ నొక్కి బుడగలోకి దూరితే ఆ బుడగ తేలుతూ తోటివాళ్ల దగ్గరికి వస్తుంది, వాళ్లు తాకితే బయటపడతాం. కానీ అందరూ ఒకేసారి బుడగల్లోకి వెళ్తే స్టేజీ అక్కడితో ఆగి మ్యాప్‌కు తిరిగి వచ్చేస్తుంది. కాబట్టి "నేను బుడగ" అని పైకి చెప్పడం అలవాటు చేసుకోవాలి.

2023 అక్టోబరులో వచ్చిన సూపర్ మారియో బ్రదర్స్ వండర్‌లో ఈ తగులుళ్లు తీసేశారు. ఒకరిలోంచి ఒకరు వెళ్లిపోవచ్చు, కెమెరా తల మీద కిరీటం ఉన్నవాళ్ల వెంట పోతుంది. తోపులాటలోని నవ్వులు కొంత తగ్గిన మాట నిజమే, కానీ ఏడేళ్ల పిల్ల, నలభై దాటిన తండ్రి కలిసి ఆడే ఇంట్లో ఇదే మేలు. పిల్లకు ఆ ఆటలోని పాత్రల్లో యోషినో నాబిట్‌నో ఇవ్వండి. శత్రువులు తగిలినా వాళ్లకు దెబ్బ ఉండదు. గోతిలో పడితే మాత్రం ప్రాణం పోతుంది, ఆ ఒక్కటీ ముందే చెప్పి పెట్టండి.

చేయి తిరిగినవాళ్లు, కొత్తవాళ్లు జంటగా ఆడడానికి అన్‌రావెల్ టూ చాలా బాగుంటుంది. నూలుతో చేసిన రెండు బొమ్మలు, రెంటినీ కలుపుతూ ఒక దారం. ఒకరు కొక్కేనికి వేలాడుతూ ఉంటే రెండోవారు ఆ దారం పట్టుకుని పైకి పాకవచ్చు. గెంతు అందని చోట రెండు బొమ్మలూ ఒకటిగా కలిసిపోతాయి, ఒక్కరే ఇద్దరినీ మోసుకుని దాటించేస్తారు. తప్పు చేసినవాళ్ల మీద విసుక్కునే సందర్భమే రాదు. దీన్ని ఒకే గదిలో ఆడడానికే తయారు చేశారు, సొంత ఆన్‌లైన్ లేదు.

గది అంటే సోఫా, టీవీ, కంట్రోలర్లు. గొడవలన్నీ ఈ మూడింటిలోనే మొదలవుతాయి. చాలా టీవీలు మామూలు మోడ్‌లో బొమ్మకు మెరుగులు దిద్దుతూ 50 నుంచి 100 మిల్లీసెకన్లు, కొన్ని ఇంకా ఎక్కువ, ఆలస్యం చేస్తాయి. సెకనుకు 60 ఫ్రేముల ఆటలో ఒక ఫ్రేము 16.7 మిల్లీసెకన్లు. అంటే మీరు నొక్కిన బటన్ మూడు నుంచి ఆరు ఫ్రేములు లేటుగా కనిపిస్తుంది. టీవీ సెట్టింగుల్లో ఈ మెరుగులను తగ్గించే గేమ్ మోడ్ పెట్టండి. కొన్ని టీవీల్లో అది ఒక్కో హెచ్‌డీఎంఐ పోర్టుకూ విడిగా పెట్టాలి, పోర్టు మార్చినప్పుడు మళ్లీ చూసుకోవాలి. ఎంత ఆలస్యం ఉందో ఇంట్లోనే కొలవచ్చు. ఫోన్‌లో స్లో మోషన్ 240 ఫ్రేములకు పెట్టి, కంట్రోలర్ మీది వేలు, టీవీలోని బొమ్మ రెండూ కనిపించేలా తీయండి. వేలు బటన్‌ను నొక్కిన ఫ్రేము నుంచి బొమ్మ నేల వదిలిన ఫ్రేము దాకా లెక్కపెట్టి 4తో హెచ్చవేస్తే దాదాపు మిల్లీసెకన్లు వస్తాయి. 20 ఫ్రేములొస్తే 80. గేమ్ మోడ్‌కు ముందు ఒకసారి, తర్వాత ఒకసారి తీస్తే తేడా కళ్లెదుటే ఉంటుంది. రేమన్ లెజెండ్స్‌లో పాటకు తగ్గట్టు దూకుతూ పరుగెత్తే స్టేజీలున్నాయి. వాటికి బ్లూటూత్ స్పీకర్ అసలు పెట్టకండి, శబ్దం వెనకబడి తాళం తప్పుతుంది.

కంట్రోలర్లు బ్లూటూత్ మీద నాలుగు కలిపితే ఒకటి మధ్యమధ్యలో మొరాయించడం చాలామందికి అనుభవమే. కంట్రోలర్ పాడైందని అనుకుంటారు కానీ, ఎక్కువసార్లు తప్పు డాంగుల్ (బ్లూటూత్ కోసం యూఎస్‌బీలో పెట్టే చిన్న ముక్క) పెట్టిన చోటుది. యూఎస్‌బీ 3 పోర్టు, దానికి పెట్టిన హార్డ్ డిస్క్ 2.4 గిగాహెర్ట్జ్ దగ్గర రేడియో రొద చేస్తాయి, బ్లూటూత్ కూడా అక్కడే పనిచేస్తుంది. డాంగుల్‌ను ఒక మీటరు యూఎస్‌బీ ఎక్స్‌టెన్షన్ వైరుతో సీపీయూకు దూరంగా, సోఫాకు ఎదురుగా పెడితే చాలాసార్లు అక్కడితో సరిపోతుంది. వైఫైని 5 గిగాహెర్ట్జ్‌కు మార్చడం కూడా మంచిదే.

ఇంకో వింత కనిపిస్తుంది: ఒక్క కంట్రోలర్ కదిపితే ఇద్దరు బొమ్మలూ కదులుతాయి. ప్లేస్టేషన్ కంట్రోలర్‌ను కంప్యూటర్‌కు పెట్టి, కంట్రోలర్‌ను ఆటకు పరిచయం చేసే డీఎస్4విండోస్ ఒకపక్క, స్టీమ్ (కంప్యూటర్ ఆటలు కొని ఆడే యాప్)లో అదే పని చేసే స్టీమ్ ఇన్‌పుట్ ఇంకోపక్క నడుస్తుంటే ఆటకు అదే కంట్రోలర్ రెండుగా కనిపిస్తుంది. రెంట్లో ఒకదాన్ని ఆపేయండి.

కంట్రోలర్ ఒక్కటే ఉండి రెండోవారు కీబోర్డు మీద ఆడితే ఇబ్బంది లేదు. ఇద్దరూ ఒకే కీబోర్డు మీద ఆడితేనే ఉంది. మామూలు కీబోర్డుల్లో మూడు కీలు ఒకేసారి నొక్కితే కొన్ని జోడింపుల్లో మూడోది నమోదు కాదు. ఒకరు పరుగెత్తుతూ ఉంటే రెండోవారి గెంతు పడదు, "నేను నొక్కాను" "నొక్కలేదు" అని వాదన. షిఫ్ట్, కంట్రోల్, ఆల్ట్ కీల వైరింగు చాలా కీబోర్డుల్లో విడిగా ఉంటుంది కాబట్టి గెంతులను వాటి మీద పెట్టుకోండి: ఒకరికి ఎడమ షిఫ్ట్, ఇంకొకరికి కుడి కంట్రోల్. షిఫ్ట్ ఐదుసార్లు వరసగా నొక్కితే విండోస్‌లో స్టికీ కీస్ ప్రశ్న వచ్చి ఆట మీద కూర్చుంటుంది. సెట్టింగుల్లో ఆ షార్ట్‌కట్‌ను ముందే తీసేయాలి.

ఇప్పుడు దూరం. ఒకే గది కోసం తయారైన ఆటను ఇంటర్నెట్ మీద ఆడించే దారి స్టీమ్‌లోని రిమోట్ ప్లే టుగెదర్, 2019లో వచ్చింది. ఆట మీ కంప్యూటర్‌లోనే నడుస్తుంది, స్నేహితుడికి వెళ్లేది వీడియో మాత్రమే, అతని బటన్లు మీ దగ్గరికి వస్తాయి. అందుకే ఆట ఒక్కరు కొంటే చాలు. చేసే పని ఇది: మీ కంట్రోలర్ పెట్టి ఆట తెరవండి, అందులో మీరే మొదటి ఆటగాడిగా చేరాక షిఫ్ట్, ట్యాబ్ కలిపి నొక్కండి, స్నేహితుల జాబితాలో పేరు మీద రైట్ క్లిక్ చేసి ఆహ్వానం పంపండి. ఈ వరస తిరగేస్తే చాలా ఆటల్లో అతిథి కంట్రోలర్ మొదటి స్థానంలో కూర్చుంటుంది. స్టీమ్ ఖాతా లేనివాళ్లకు లింక్ పంపవచ్చు, వాళ్లు స్టీమ్ లింక్ యాప్ వేసుకుంటే ఫోన్‌లోనైనా చేరతారు. మీరు ఆట వదిలి వేరే కిటికీకి వెళ్తే మీ డెస్క్‌టాప్ వాళ్లకు కనిపించదు, బొమ్మ ఆగిపోతుంది. కంగారు పడవద్దని ముందే చెప్పండి.

ఎంత అప్‌లోడ్ కావాలి? ఒక్కో అతిథికి వీడియో విడివిడిగా వెళ్తుంది. ఒక్కొక్కరికి 10 ఎంబీపీఎస్ వేసుకున్నా ముగ్గురికి 30. డౌన్‌లోడ్ 100 ఉందని మురిసిపోతే కుదరదు, చూడాల్సింది అప్‌లోడ్. సరిపోకపోతే అతిథి వైపు సెట్టింగుల్లో 720పీకి తగ్గించి, వేగానికి ప్రాధాన్యం ఇచ్చే ఎంపిక పెట్టుకోవాలి. హోస్ట్ (ఆట ఎవరి కంప్యూటర్‌లో నడుస్తోందో వారు) వైపు హార్డ్‌వేర్ ఎన్‌కోడింగ్, అంటే వీడియోను గ్రాఫిక్స్ చిప్ చేత తయారు చేయించే సెట్టింగు, ఆన్‌లో ఉండాలి.

బొమ్మ ముక్కలవుతుంటే ఇంటర్నెట్ కంపెనీని తిట్టే ముందు ఇంట్లోనే పరీక్ష చేయండి. కమాండ్ ప్రాంప్ట్ నుంచి మీ రూటర్‌కే 50 సార్లు పింగ్ (వెళ్లి రావడానికి ఎంత సమయం పడుతుందో చూపే కమాండ్) కొట్టండి, చిరునామా ఎక్కువగా 192.168.1.1 లేదా 192.168.0.1 ఉంటుంది. కేబుల్ మీద ఒక మిల్లీసెకను చుట్టుపక్కల ఉండాలి. వైఫై మీద 3, 4 ఉంటూ ఉండుండి 60కి ఎగిరితే రోగం మీ గోడల మధ్యే ఉంది, ల్యాన్ వైరు వేయాలి. రూటర్ దాకా బాగుండి రాత్రి తొమ్మిదికే చెడితే, ఇంట్లో ఏదో ఫోన్ ఆ సమయంలో ఫొటోలు బ్యాకప్‌కు ఎక్కిస్తోందేమో చూడండి. అప్‌లోడ్ నిండిపోతే వెనక క్యూ పెరిగి ల్యాగ్, అంటే ఆలస్యం, వస్తుంది.

అన్నీ సరిచేసినా ల్యాగ్ భారం మొత్తం అతిథి మీదే పడుతుంది, హోస్ట్‌కు ఏమీ ఉండదు. కాబట్టి ఇద్దరిలో గెంతులు తక్కువ వచ్చినవారే హోస్ట్ కావాలి. నేర్పున్నవారు ఆలస్యాన్ని అంచనా వేసుకుని ఆడగలరు. కప్‌హెడ్‌లో ఇది బాగా తెలుస్తుంది. 2017లో వచ్చిన ఈ ఆటలో సొంత ఆన్‌లైన్ లేదు. జోడీ చనిపోతే ఆత్మ పైకి తేలుతుంది. రెండోవారు దాని దగ్గరికి దూకి, తగిలే క్షణంలో గాల్లోనే మళ్లీ జంప్ నొక్కితే బతుకుతుంది, అదీ ఒక్క ప్రాణంతో. ఇద్దరు ఆడితే బాస్‌ల సత్తువ కూడా పెరుగుతుంది కాబట్టి ఒంటరిగా మిగిలితే కష్టం. హైదరాబాద్, బెంగళూరు మధ్య మంచి ఫైబర్ ఉంటే అతిథి కూడా ఈ గెంతు నేర్చుకోగలడు. హైదరాబాద్, డాలస్ మధ్య కుదరదు. భూమి మీద దగ్గరి దారే 14 వేల కిలోమీటర్లు దాటుతుంది. ఫైబర్‌లో వెలుతురు సెకనుకు సుమారు 2 లక్షల కిలోమీటర్లు పోతుంది, రానుపోను 140 మిల్లీసెకన్ల పైమాటే. కేబుళ్లు సరళరేఖలో పోవు కాబట్టి అసలు అంకె ఇంకా ఎక్కువ. వీడియో తయారీ, విప్పడం దాని మీద అదనం. ఏ ప్లాన్ మార్చినా ఇది తగ్గదు.

అమెరికాలో ఉన్న అక్కతోనో పాత రూమ్మేట్‌తోనో ఆడాలంటే ఆన్‌లైన్ కోసమే తయారైన ఆటలు చూసుకోవాలి. 2021 మార్చిలో వచ్చిన ఇట్ టేక్స్ టూలో ఇద్దరి మెషీన్లలోనూ ఆట నడుస్తుంది, మీ గెంతు మీ చేతికి వెంటనే తగులుతుంది. తెర నిలువునా రెండుగా చీలి ఉంటుంది, ఆన్‌లైన్‌లో కూడా. అవతలివారు ఏ గోడ దగ్గర ఇరుక్కున్నారో మీకు కనిపిస్తూనే ఉంటుంది, ఇది గొప్ప సౌకర్యం. ఫ్రెండ్స్ పాస్ ఉంది కాబట్టి ఒకరు కొంటే రెండోవారు ఉచితంగా దించుకోవచ్చు. అయితే కంప్యూటర్‌వారు ప్లేస్టేషన్‌వారితో ఆడలేరు. అదే స్టూడియో నుంచి 2025 మార్చిలో వచ్చిన స్ప్లిట్ ఫిక్షన్‌లో ఆ గోడ కూడా తీసేశారు. వండర్ ఆన్‌లైన్ ఇంకో దారి పట్టింది. ఎవరి లోకం వారిది, స్నేహితులు పారదర్శక నీడల్లా కనిపిస్తారు. మీరు చనిపోతే ఐదు సెకన్లలో ఎవరి నీడనైనా తాకితే బతుకుతారు. ఒకరి లేటు ఇంకొకరి గెంతును చెడగొట్టదు.

మాటల విషయం ఒక్కటి మిగిలింది. పికో పార్క్ లాంటి ఆటల్లో నలుగురైదుగురు ఒకరి తల మీద ఒకరు నిలబడి ఒకేసారి దూకాలి. గదిలో "ఒకటి, రెండు, మూడు" అంటే సరిపోతుంది. రిమోట్ ప్లేలో మీ గొంతు ఒక ఆలస్యంతో, బొమ్మ ఇంకో ఆలస్యంతో అవతలికి చేరతాయి. అతిథి మూడు విని నొక్కేసరికి మీరు దిగిపోయి ఉంటారు. అందుకని లెక్క అతిథి చేత పెట్టించండి. తన లెక్క ప్రకారం తను నొక్కుతాడు. ఆ గొంతు, అతని బటన్ మీ మెషీన్‌కు కాస్త అటూఇటుగా కలిసే వస్తాయి, మీరు వినగానే నొక్కితే చాలావరకు కుదురుతుంది. ఇద్దరు అతిథులుంటే ఎక్కువ దూరాన ఉన్నవారు లెక్క పెట్టాలి.