రాజబాబు ట్యూషన్ చెప్పిన ఊరు

"మాస్టారూ, ఈయనెవరు? భలే చేస్తున్నాడు!"

లెక్కలు చేయమంటే మా ట్యూషన్ పిల్లాడు ఫోన్‌లో 'తాతా మనవడు' సినిమా సీన్ పెట్టుకుని పడీ పడీ నవ్వుతున్నాడు. మద్రాసు టీ నగర్‌లోనే పుట్టి పెరిగాడు, హాస్యనటుడు రాజబాబు పేరు ఎప్పుడూ వినలేదట.

చెప్పకుండా ఎలా ఉంటాను! రాజమండ్రివాడు, మొదట తెలుగు మాస్టారు. వేషాల కోసం మద్రాసు వచ్చి, పూట గడవడానికి ట్యూషన్లు చెప్పాడు. 1960లో 'సమాజం'తో తెరమీదికొచ్చాడు. తర్వాత హీరోలతో సమానంగా జనం ఆయన కోసం ఎదురుచూసే రోజులొచ్చాయి.

నాకు మాత్రం ఆయన కామెడీ కన్నా ఒక అలవాటు ఎక్కువ ఇష్టం. బాగా వెలుగుతున్న రోజుల్లో తన పుట్టినరోజుకి పాత నటీనటుల్ని పిలిచి సన్మానం చేసేవాడు. వేషాలు తగ్గాక నవ్వించినవాళ్లని ఎవరు తలుచుకుంటారు చెప్పండి? ఆయన తలుచుకున్నాడు. అదీ తన చేతినిండా పని ఉన్నప్పుడు!

1983లో పోయాడు. యాభై ఏళ్లు కూడా నిండలేదు.

హాస్యనటుడు రేలంగి గారికి 1970లో పద్మశ్రీ ఇచ్చారు. రాజబాబుకీ అలాంటి గౌరవం దక్కాల్సిందని నాకు గట్టిగా అనిపిస్తుంది.