కొబ్బరి వ్యాపారి చిన్న పార్టీ తరఫున నామినేషన్ వేస్తే

కోనసీమలో కొబ్బరి షావుకారుకి ఊరూరా మనుషులుంటారు. తోట రైతు, దింపు కూలీ, ఒలుపు కూలీ, లారీ డ్రైవరు అందరూ తెలిసినవాళ్లే. చిన్న పార్టీలు టికెట్టు పట్టుకుని ఆయన గుమ్మంలోకి వచ్చేది అందుకే. కానీ ఆయన వ్యాపారం నడిచేది నగదు, అరువు, నోటిమాట మీద. ఎన్నికల చట్టానికి ఆ మూడూ పడవు.

మొదటి చిక్కు సీటు దగ్గరే. రాజోలు, పి.గన్నవరం, అమలాపురం మూడూ ఎస్సీ రిజర్వుడు. అంబాజీపేటలో కొట్టున్న ఓసీ, బీసీ వ్యాపారి కొత్తపేటకో ముమ్మిడివరానికో వెళ్లాలి. ఓటు ఒకచోట ఉండి ఇంకోచోట పోటీ చేయొచ్చు, ఓటర్ల జాబితా సర్టిఫైడ్ నకలు జతచేస్తే సరి. ఎన్నికల సంఘం గుర్తింపు పొందిన పార్టీ అభ్యర్థికి ఒక్క ప్రతిపాదకుడు (నామినేషన్ మీద పేరు ప్రతిపాదిస్తూ సంతకం పెట్టే ఓటరు) చాలు. గుర్తింపు లేని పార్టీ అయితే పదిమంది కావాలి, అదీ పోటీ చేసే నియోజకవర్గం ఓటర్లే. అంబాజీపేట కొట్లో పనిచేసేవాళ్లు కొత్తపేట నామినేషన్‌కి పనికిరారు. వేలిముద్ర వేసేవాళ్లయితే రిటర్నింగ్ అధికారి ముందో, ఎన్నికల సంఘం నిర్దేశించిన అధికారి ముందో వేయాలి. ఇంట్లో వేయించుకుని పట్టుకెళ్తే చెల్లదు.

డిపాజిట్ 10,000, ఎస్సీ, ఎస్టీలకు 5,000. ఆస్తులు, అప్పులు, కేసులు చెప్పే ఫారం 26 అఫిడవిట్‌లో ఒక్క గడి కూడా ఖాళీ వదలకూడదు. లేకపోతే 'లేదు' అనో 'వర్తించదు' అనో రాయాలి. అధికారి గుర్తుచేసినా నింపకపోతే నామినేషన్ పోతుంది. అయిదేళ్ల ఐటీ రిటర్నుల్లో చూపిన ఆదాయం, భార్య పేరున ఉన్న తోటలు, బ్యాంకు అప్పులు, జీఎస్టీ బకాయిలు అన్నీ చూపాలి. రాజ్యాంగానికి కట్టుబడి ఉంటానని అభ్యర్థి చేసే ప్రమాణం నామినేషన్ల పరిశీలన రోజుకి ముందే చేయాలి, దీన్ని మరిచిపోయేవాళ్లు ఉంటారు. రాష్ట్ర ప్రభుత్వానికి సరుకు సరఫరా కాంట్రాక్టు నడుస్తుంటే అసలు అర్హతే పోతుంది. పని పూర్తయి బిల్లు మాత్రమే రావాల్సి ఉంటే ఇబ్బంది లేదు.

ఇక డబ్బు. నామినేషన్‌కి కనీసం ఒకరోజు ముందు ఎన్నికల ఖర్చుకే వేరే బ్యాంకు ఖాతా తెరవాలి. అసెంబ్లీకి పరిమితి 40 లక్షలు. చిన్న పార్టీవాడు దాని దరిదాపులకు కూడా రాడు, ఆయన్ని ముంచేది నగదు. మొత్తం ఎన్నికల్లో ఒక మనిషికి 10,000 దాటి చేతికి ఇవ్వకూడదు, ఆ పైన చెక్కో ఆన్‌లైనో. రోజువారీ రిజిస్టరులో తెల్ల పేజీలు ఖర్చుకి, గులాబీవి నగదుకి, పసుపువి బ్యాంకుకి. ప్రచార కాలంలో కనీసం మూడుసార్లు ఎన్నికల ఖర్చుల పరిశీలకుడి ముందు పెట్టాలి.

దింపు కూలీలకిచ్చే డబ్బు ప్రచార బండిలో పెట్టుకోవడం అన్నిటికంటే పెద్ద తప్పు. అభ్యర్థి బండిలో 50,000 మించి నగదు దొరికితే ఎన్నికల తనిఖీ బృందం (ఫ్లయింగ్ స్క్వాడ్) స్వాధీనం చేసుకుంటుంది. తోట డబ్బండీ అంటే వినరు. కొబ్బరి లెక్కకి వేరే మనిషి, వేరే బండి, వెంట కొనుగోలు చీటీలు, బ్యాంకు విత్‌డ్రా రసీదు ఉండాలి. సొంత వ్యానుకి జెండా కట్టినా జిల్లా అధికారులు ప్రకటించిన రేటు ప్రకారం అద్దె ఖర్చులో పడుతుంది. ముందుగా అనుమతి కూడా తీసుకోవాలి.

బ్యాలెట్ మీద గుర్తింపు పొందిన పార్టీలవాళ్లు ముందు, ఆ తర్వాతే గుర్తింపు లేని చిన్న పార్టీలు, చివర స్వతంత్రులు. పార్టీ రాష్ట్రంలో 5 శాతం సీట్లకైనా, అంటే 175కి తొమ్మిదింటికైనా, అభ్యర్థుల్ని పెట్టకపోతే అందరికీ ఒకే ఉమ్మడి గుర్తు దొరకదు. పక్క నియోజకవర్గంలో అదే పార్టీకి ఇంకో గుర్తు పడుతుంది, కరపత్రాలు కలిపి అచ్చు వేయించుకోవడం కుదరదు.

డిపాజిట్ దక్కాలంటే చెల్లిన ఓట్లలో ఆరో వంతు దాటాలి, నోటా లెక్కలోకి రాదు. 1,80,000 చెల్లితే 30,000 పైన. డెల్టా కొత్త పార్టీలకి మెతక నేలేం కాదు: 2009లో చిరంజీవిగారే పాలకొల్లులో ఓడిపోయారు. 2019లో జనసేనకి రాష్ట్రం మొత్తంలో రాజోలు ఒక్కటే దక్కింది.

ఓడినా ఫలితం వచ్చిన 30 రోజుల్లో ఖర్చుల లెక్క జిల్లా ఎన్నికల అధికారికి ఇవ్వాలి. షామియానా, మైకు, ఫ్లెక్సీ తెలిసినవాళ్లు ఊరికే ఇచ్చినా వాటి విలువ చూపాల్సిందే. ఓడిపోయాం కదా, ఇంకెందుకులే అని ఊరుకుంటే ఎన్నికల సంఘం మూడేళ్లు పోటీకి అనర్హుణ్ణి చేస్తుంది.