జాలారిపేట నుంచి ఉగాండా దాకా: నా అనుభవం

వైజాగ్ నుంచి ఇంటర్నేషనల్ డెవలప్‌మెంట్ (బయటి దేశాల్లో జనం బతుకులు మెరుగుపరిచే) పనుల్లోకి ఎలా వెళ్ళావ్ అని చాలామంది అడుగుతున్నారు, అందుకే కూర్చుని రాస్తున్నా, కొంచెం పెద్దదే అయ్యింది.

ఆంధ్రా యూనివర్సిటీలో సోషల్ వర్క్ చదువుతున్నప్పుడు 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ తుఫాను వచ్చింది. మేం కొందరం వైజాగ్‌లో మత్స్యకారులుండే పెదజాలారిపేటలో బియ్యం, టార్పాలిన్లు పంచడానికి వెళ్ళాం, పంచడం వారంలో అయిపోయింది గానీ నాకు ఆ పేట వదలబుద్ధి కాలేదు, చదువయ్యాక ఒక చిన్న సంస్థలో చేరి ఎండుచేపలమ్మే ఆడవాళ్ళతోనే నాలుగేళ్ళు పనిచేశా.

తర్వాత బయటి దేశాల పోస్టులకి పెట్టడం మొదలెట్టా. పదకొండు అప్లికేషన్లు పెడితే తొమ్మిదింటికి జవాబే రాలేదు. మధ్యలో ద్వారకానగర్‌లో ఒకాయన ఐక్యరాజ్యసమితిలో ఉద్యోగం ఇప్పిస్తానంటే ఐదు వేలు అడ్వాన్స్ కట్టేశా, పోయాయి. ఐక్యరాజ్యసమితి సంస్థలు అప్లికేషన్‌కి గానీ ఇంటర్వ్యూకి గానీ ట్రైనింగ్‌కి గానీ రూపాయి తీసుకోవు, ఎవరడిగినా ఇవ్వకండి ప్లీజ్.

నా ఫారాల నిండా సాధికారత, సుస్థిరత లాంటి మాటలే ఉండేవి, నేను చేసిన పని ఒక్కటీ కనపడేది కాదు. మా సీనియర్ అక్క ఒకామె అవి చదివి, నువ్వు లాగ్‌ఫ్రేమ్ నేర్చుకో ముందు అంది. అది 1969లో అమెరికా సహాయ సంస్థ యూఎస్‌ఎయిడ్ కోసం తయారైన పట్టిక, ఏం సాధించాలి, ఎలా కొలుస్తాం, రుజువు ఎక్కడ దొరుకుద్ది, ఏవి నిజమని అనుకుంటున్నాం అని నాలుగు గళ్ళు. ఆ నాలుగో గడి దగ్గరే నాకు మా పేట నెత్తళ్ళ (ఎండబెట్టి అమ్మే చిన్న చేపల) సంగతి తట్టింది.

ఏంటంటే, ఇసక మీద ఎండబెడితే చేపలకి మట్టి అంటుకుంటుందని వెదురు కర్రలకి వల బిగించి ర్యాకులు చేయించాం. రెండు నెలలకి వెళ్ళి చూస్తే వాటి మీద చీరలు ఆరేసున్నాయి, చేపలు మళ్ళీ ఇసకలోనే. అక్కడ చేపలమ్మే ఒక మామ్మని, ఎందుకు మామ్మా అంటే, "ఇసకుంటే తూకమొస్తది పాపా, నీ బల్ల మీద ఎండేస్తే తూకం తగ్గిపోద్ది, షావుకారు రేటు పెంచుతాడేటి?" అంది. శుభ్రమైన చేపకి ఎక్కువ ధర వస్తుందని మేమే అనుకున్నాం, ఎవర్నీ అడగలేదు. తర్వాత కొనేవాళ్ళ దగ్గరికి వెళ్ళి రేటు మాట్లాడాకే ర్యాకులు నిండాయి.

పన్నెండో అప్లికేషన్‌కి వచ్చిన ఇంటర్వ్యూలో, మీ పని ఫెయిలైన సందర్భం ఒకటి చెప్పండి అన్నారు, ఇదే చెప్పా. ఇలాంటి ఇంటర్వ్యూల్లో పరిస్థితేంటి, మీ బాధ్యతేంటి, మీరేం చేశారు, చివరికేమైంది అనే వరసలో చెప్పాలి, "మేం" కాదు "నేను" అని చెప్పాలి, మనవాళ్ళకి ఇదే కష్టం. మూడు వారాలకి ఉగాండా పోస్టింగ్ వచ్చింది. ఆ దేశానికి యెల్లో ఫీవర్ టీకా కార్డు తప్పనిసరి, అదీ ప్రయాణానికి కనీసం పదిరోజుల ముందు వేయించుకోవాలి, చివర్దాకా ఆగకండి.

విక్టోరియా సరస్సు ఒడ్డున మొదటిరోజే అచ్చం మన నెత్తళ్ళలాంటి చిన్న చేపలు, ముకెనె అంటారు, నేల మీద పరిచి ఎండబెడుతున్నారు. కళ్ళలో నీళ్ళొచ్చాయి నిజంగా. ఇసక అంటిన సరుకు ఎక్కువగా కోళ్ళ దాణాకే పోతుంది, మనుషులు తినే సరుకైతే ధర వేరు. ఈసారి ర్యాకుల ఊసెత్తకుండా నెలరోజులు కొనేవాళ్ళతోనే తిరిగా.

రోజూ రాత్రి తెలుగులో నోట్సు రాసుకునేదాన్ని, అవే ఇప్పుడు పుస్తకం అవుతున్నాయి. మొన్న సెలవులో వచ్చినప్పుడు ఒక చాప్టర్ మామ్మకి చదివి వినిపించా, అంతా విని, "మరి ఆళ్ళకి రేటు పెరిగిందా?" అంది. కొందరికే పెరిగింది మామ్మా అన్నా. పెరగనోళ్ళ గురించి కూడా రాయమంది, ఆ చాప్టరే ఇప్పుడు రాస్తున్నా.