అరగంటలో వస్తానన్న మనిషి

గురువారం, రాత్రి

పొద్దున్నుంచి ఒళ్ళు వెచ్చగా ఉంటే సెలవు పెట్టి మంచం దిగలేదు. చేతికందిన పుస్తకం ఇంగ్లీషు రచయిత హెచ్.జి. వెల్స్ రాసిన నవల ‘ది టైమ్ మెషీన్’. కాలేజీ రోజుల్లో మధ్య పేజీల కోసమే పరుగెత్తి చదివాను: 8,02,701వ సంవత్సరం, నేల మీద ఆడుకునే ఎలోయ్‌లు, నేల కింద చీకట్లో బతికే మోర్లాక్‌లు. ఈసారి మొదటి పేజీల దగ్గర, చివరి పేజీల దగ్గర చాలాసేపు ఆగాను. కాలంలో ప్రయాణించే ఆ యంత్రం చేసిన మనిషి ఉన్నది అక్కడే.

ఆయనకు పేరు లేదు. పుస్తకమంతా ‘కాలయాత్రికుడు’ అనే పిలుపే. చివర్లో ఆయన ఎటు వెళ్ళాడని, కథ చెప్పే స్నేహితుడు పనివాణ్ణి అడిగేటప్పుడు కూడా ‘మిస్టర్’ పక్కన ఒక గీత ఉంటుంది, అంతే. వెల్స్ 1888లో, తనకు 21 ఏళ్ళప్పుడు, కాలేజీ పత్రికలో ఇదే ఊహతో ఒక కథ రాశాడు. అందులో ఆవిష్కర్త పేరు మోజెస్ నెబోగిప్ఫెల్. 1895లో పుస్తకం వచ్చేసరికి ఆ పేరు పోయి గీత మిగిలింది. అలా పోవడమే మేలయింది. నోరు తిరగని ఆ పేరు వింటే ఎవరో వింతమనిషి అనుకుని ఊరుకుంటాం. ఈయన అలా కాదు, గురువారాల్లో స్నేహితులను భోజనానికి పిలిచి కబుర్లు చెప్పే గృహస్థు.

మొదటి ప్రయాణం నుంచి తిరిగి వచ్చినప్పుడు ఆయన కోటు నిండా దుమ్ము, కాళ్ళకు బూట్లు లేవు, మేజోళ్ళకు రక్తం. కుంటుకుంటూ వచ్చి, వైన్ తాగి, తిండి అడిగాడు. మధ్యాహ్నం నాలుగింటికి ఇంట్లోనే ఉన్నానని, అప్పటి నుంచి ఎనిమిది రోజులు బతికానని చెబుతాడు. విన్నవాళ్ళు నమ్మరు. కథ చెబుతూ మధ్యలోనే ఆగి జేబులోంచి వాడిపోయిన రెండు తెల్లని పూలు తీసి బల్ల మీద పెడతాడు. భవిష్యత్తులో ఆయనతో చెలిమి చేసిన వీనా అనే పిల్ల ఆ జేబులో పెట్టిన పూలు అవి. ఆమెను ఆయన అక్కడే పోగొట్టుకున్నాడు. వైద్యుడు పూలను తిప్పి చూసి తీసుకెళ్తానంటే ఇవ్వడు.

నన్ను పట్టేసింది ఆ తర్వాతి నిమిషం. ఆయనకే అనుమానం వస్తుంది, ఇదంతా నేను కలగన్నానా అని. దీపం పట్టుకుని ప్రయోగశాలకు పరుగెత్తుతాడు. యంత్రం ఉంది. దంతపు భాగాల మీద గోధుమరంగు మరకలు, అడుగున గడ్డి, నాచు తునకలు, ఒక పట్టీ వంగిపోయి ఉంది. వంగిన ఆ చోట చేత్తో నిమిరి, ఇప్పుడు ఫరవాలేదు, నేను చెప్పింది నిజమే అంటాడు. ఎంత ఒంటరితనం! తాను బతికిన ఎనిమిది రోజులకు సాక్ష్యం గడ్డిని అడగాల్సి వచ్చింది.

మర్నాడు కెమెరా, సంచీ పట్టుకుని మళ్ళీ బయలుదేరతాడు. అరగంట చాలు, భోజనానికి ఉండు, రుజువు తెచ్చి చూపిస్తానని స్నేహితుడితో చెప్పి వెళ్ళాడు. మూడేళ్ళయినా రాలేదు. ఏ క్షణానికైనా తిరిగి రాగల యంత్రం ఉన్నవాడికి ఆలస్యం అనేది ఉండకూడదు. రాలేదంటే రాలేని చోట ఉన్నాడని అర్థం. ఇన్నేళ్ళలో ఈ మాట నాకు ఒక్కసారీ తట్టలేదు.

భాగవతంలో రైవతుడనే రాజు కూతురు రేవతిని తీసుకుని బ్రహ్మలోకం వెళ్తాడు. అక్కడ గానం ముగిసేదాకా ఆగితే ఇక్కడ 27 చతుర్యుగాలు గడిచిపోయాయి. కాలం ఆయనను అడగకుండానే దాటిపోయింది. వెల్స్ మనిషి తన ఇంట్లో, తన పనిముట్లతో, ఒక నికెల్ కడ్డీ అంగుళం పొట్టిదైతే మళ్ళీ చేయించుకుని, మీటను తన చేత్తో తోశాడు. ఆయన మనకు మిగిల్చింది ఆ మీటే అంటాను. ఈ రోజు కాలయంత్రం అంటే ఏ పిల్లవాడికీ విడమరిచి చెప్పక్కర్లేదు. చేసినవాడు మాత్రం గీతగానే ఉండిపోయాడు.

స్నేహితుడి దగ్గర మిగిలినవి ఆ రెండు పూలు. ఎండి, గోధుమరంగుకు తిరిగి, పెళుసుగా.

సాయంత్రం మా వాడు బంతి పట్టుకుని గుమ్మంలో నిలబడ్డాడు. “అమ్మా, అరగంటలో వచ్చేస్తాను” అన్నాడు. రోజూ అనే మాటే. ఈ రోజు మాత్రం పుస్తకం మూసి గడియారం వైపు చూశాను. అరగంట అయింది. ముప్పావు గంట అయింది. ఇల్లు ఎంత నిశ్శబ్దంగా ఉందో అప్పుడే తెలిసింది. జ్వరం వల్ల కావచ్చు, లేచి రెండుసార్లు గుమ్మం దాకా వెళ్ళొచ్చాను.

చీకటి పడుతుండగా వచ్చాడు. తిట్టబోయి ఆగిపోయాను. ఆకలేస్తోందన్నాడు. మోకాళ్ళకు గడ్డిపరకలు అంటుకుని ఉన్నాయి.