వత్తు తెగిన కొత్తవాడ

వరంగల్ కొత్తవాడలో జంపఖానాలు అమ్మే అంకుల్ వెబ్‌సైటు పని ఇప్పుడు నా చేతికొచ్చింది. ఆయన మధ్యాహ్నం ఫోన్ చేసి "బిడ్డా, సైట్ల మా వాడ పేరే తప్పు రాసిండ్రు" అన్నప్పటి నుంచి మనసు దాని మీదే ఉంది. అత్తమ్మ సీరియల్ అయిపోయింది, ఈయన గురక మొదలైంది. నేను మాత్రం ఇంకా ఆ 'త్త' దగ్గరే కూర్చున్నా.

నిజానికి ఎవరూ తప్పు రాయలేదు. అక్షరాలన్నీ సరిగ్గానే ఉన్నాయి. సైటు రూపం చూసుకునే థీమ్‌లో శీర్షికకు లైన్ హైట్ 1, అంటే వరస ఎత్తు సరిగ్గా అక్షరం సైజంతే పెట్టి, పెట్టె దాటిందేదీ కనబడకుండా ఓవర్‌ఫ్లో హిడెన్ అని పెట్టారు. ఇంగ్లిష్‌కు అది చూడ ముచ్చటగానే ఉంటుంది. మన అక్షరానికి కింద ఇంకో అంతస్తు ఉంటుందని ఆ థీమ్ చేసినవాళ్లకు ఎవరు చెప్పాలి? త వత్తు సగానికి తెగిపోయి 'కొతవాడ జంపఖానాలు' అని పెద్ద అక్షరాలతో కనబడుతోంది. కింద బొమ్మల పేర్లలో 'పచ్చ అంచు' కాస్తా 'పచ అంచు' అయింది.

రూపం దిద్దే కోడ్, అదే సీఎస్ఎస్, రెండు లైన్ల పని. లైన్ హైట్ 1.6, ఓవర్‌ఫ్లో విజిబుల్. టీ చల్లారేలోపు అయిపోతుందనుకుని లోపలికి పోయా.

చైల్డ్ థీమ్ లేదు! ఇంతకు ముందు చేసినాయన అసలు థీమ్ ఫైళ్లలోనే చెయ్యి పెట్టి ఎక్కడికక్కడ మార్చుకుంటూ పోయాడు. అందుకే డాష్‌బోర్డులో అప్‌డేట్ గుర్తు ఎన్నాళ్ల నుంచో అట్లాగే వెలుగుతోంది. నొక్కితే థీమ్ ఫోల్డర్ మొత్తం కొత్తదైపోతుంది, ఆయన మార్చినవన్నీ ఒక్క దెబ్బకు పోతాయి. నొక్కకపోతే థీమ్‌లో బయటపడ్డ లొసుగులు అట్లాగే ఉండిపోతాయి. చైల్డ్ థీమ్ అంటే బ్రహ్మవిద్యేం కాదు. ఒక కొత్త ఫోల్డరు, అందులో ఒక స్టైల్.సీఎస్ఎస్, దాని తలమీద 'టెంప్లేట్' అని రాసి తల్లి థీమ్ ఫోల్డరు పేరు. మార్పులన్నీ అందులో పెట్టుకుంటే తల్లి ఎన్నిసార్లు అప్‌డేట్ అయినా మనకు టెన్షన్ లేదు.

థీమ్‌లోనే ఉండే ఫంక్షన్స్.పీహెచ్‌పీ అనే కోడ్ ఫైలు తెరిచాక ఇంకా మండింది. జంపఖానాల జాబితా అంతా అందులోనే ఉంది, కస్టమ్ పోస్ట్ టైప్‌గా, అంటే మనం సొంతంగా చేసుకున్న రకం పోస్టులుగా. ఈ సైటును నడిపే వర్డ్‌ప్రెస్‌లోకి ప్లగిన్లు, అంటే కొత్త పనులు తగిలించే కోడ్ మూటలు, 2004లో 1.2తో వచ్చాయి, థీమ్‌లు 2005లో 1.5తో వచ్చాయి. అప్పటి నుంచి అనుభవం ఉన్నవాళ్లు చెప్పేది ఒక్కటే, రూపం థీమ్‌లో పెట్టు, పని ప్లగిన్‌లో పెట్టు అని. అంకుల్ రేపు ముచ్చటపడి వేరే థీమ్ వేసుకున్నాడనుకోండి, ఎడమ పక్క 'జంపఖానాలు' అనే మెనూనే ఉండదు. డేటాబేస్‌లో అన్నీ భద్రంగానే ఉంటాయి, కానీ కంటికి కనబడవు. ఏళ్ల తరబడి ఒక్కొక్క ఫొటో ఎక్కించుకున్న మనిషికి ఆ సంగతి ఎవరు చెప్తారు? ఆయన గుండె ఆగిపోదూ!

ఫంక్షన్ల పేర్లు చూడండి, గెట్ ప్రైస్, షో ఫారం. ముందు మన గుర్తుగా ఏ నాలుగక్షరాలో తగిలించడానికి ఏం రోగం? ఇంకో ప్లగిన్‌లో అదే పేరుంటే, ఈ పేరు ముందే ఉందని పీహెచ్‌పీ మొండికేస్తుంది, సైటు మొత్తం ఆగిపోతుంది. జాబితాలో వివరణను సబ్‌స్ట్రింగ్‌తో కోశాడు, అది అక్షరాలను కాదు, బైట్లను లెక్కపెడుతుంది. కంప్యూటరు అక్షరాలను దాచే యూటీఎఫ్-8 పద్ధతిలో తెలుగు గుర్తు ఒక్కోటి మూడు బైట్లు. మధ్యలో తెగితే చివర నల్ల డైమండ్‌లో ప్రశ్నార్థకం. ఇదీ కోతే, అదీ కోతే.

ఇట్లా తిట్టుకుంటుంటే బాపు దుకాణం బోర్డు గుర్తొచ్చింది. హన్మకొండ చౌరస్తా దగ్గర నుంచి ఒక పెయింటర్ వచ్చేవాడు, చెవి మీద బ్రష్షు, జేబులో బీడీ కట్ట. రేకు బోర్డుకు ఎర్ర రంగు పూసి ఆరబెట్టి, మర్నాడు ముగ్గు పూసిన దారం రెండు వైపులా గుంజి పట్టమనేవాడు. ఒక కొస నాకు, ఒక కొస మా అన్నకు. మధ్యలో రెండు వేళ్లతో లేపి టప్పున వదిలితే బోర్డు మీద తెల్లటి గీత, మా మొహాల నిండా ముగ్గు. అట్లా నాలుగు గీతలు కొట్టాడు. కాపీ బుక్కులో రెండే గీతలుంటాయి కదా అని అడిగాను. "ఇది లక్ష్మి పేరు బిడ్డా. కింద జాగ ఇడువకుంటె తల్లి కాళ్లు మోరీల పడ్తయ్" అన్నాడు. 'శ్రీ లక్ష్మీ కిరాణం'లో 'క్ష్మీ' ఒక్కదానికే పొద్దున్నుంచి పదకొండు దాకా పట్టింది. ముందు పై గీత నుంచి గుడి దీర్ఘం, తర్వాత ష వత్తు, దాని పక్కనే మ వత్తు, బ్రష్షు కొసతో, ఊపిరి బిగబట్టి. బాపు మాత్రం గల్లాపెట్టె దగ్గర నుంచి "ఇంకెంత సేపు, గిరాకీ పోతుంది" అని గొణుగుతూనే ఉన్నాడు. ఆ బోర్డు కింద కూర్చుని నేను ఎన్ని బెల్లం ముక్కలు తిన్నానో! ఎండకు ఎరుపు వెలిసి గులాబీ రంగులోకి దిగింది కానీ ఒక్క వత్తు చెదరలేదు.

ఇదంతా రాసి, ఆ పాత డెవలపర్‌ను ఇంకో నాలుగు మాటలు అందామనే మళ్లీ ఫైలు తెరిచా. కిందికి పోతే ఒక కామెంట్ కనబడింది, ఇంగ్లిష్ అక్షరాల్లో తెలుగు మాట. 'అంకుల్ అడిగిండు, ఇది మార్చకు.' ఇంకొంచెం కిందికి పోతే, 'తర్వాత వచ్చేటోళ్లు దీన్ని ప్లగిన్‌లకు మార్చండి, నాకు టైం ఇయ్యలే.'

అంటే ఆయనకు తెలుసు. వరంగల్ దర్రీలకు, అదే ఈ జంపఖానాలకు, 2018లో ఫలానా ఊరి సరుకని చెప్పే జీఐ గుర్తింపు వచ్చినప్పుడు అంకుల్ ఎంత తొందరలో ఉన్నాడో నాకు చెప్పాడు కదా, ఎగ్జిబిషన్ లోపల సైటు లేవాలని. ఎంతిచ్చాడో కూడా చెప్పాడు, ఇక్కడ రాయను. ఆ డబ్బులకు, ఆ రెండు రాత్రులకు ఎవరైనా ఫంక్షన్స్.పీహెచ్‌పీలోనే కుక్కుతారు. పద్ధతులు చెప్పేవాళ్లు పద్ధతికి పట్టే టైం ఎవరి ఖాతాలో రాయాలో చెప్పరు. కాబట్టి చైల్డ్ థీమ్ విషయంలో ఆయన మీద కోపం వెనక్కి తీసుకుంటున్నా.

ఫారం విషయంలో మాత్రం తీసుకోను. ఆర్డరు ఫారంలో ఎవరేం రాస్తే అది నేరుగా డేటాబేస్‌కు ఇచ్చే ఎస్‌క్యూఎల్ ఆజ్ఞలోకి పోతోంది, రాసినదాన్ని ఆజ్ఞతో కలవకుండా ఆపే ప్రిపేర్ లేదు. అదే పేరు మళ్లీ పేజీ మీదికి వస్తోంది, అది కోడ్‌గా నడవకుండా చేసే ఎస్కేప్ లేదు. ఫారం మన సైటు నుంచే వచ్చిందా అని చూసే నాన్స్ సంగతి అడగనే వద్దు. పేరు గడిలో పేరుకు బదులు స్క్రిప్టు రాసిపోతే, ఆర్డర్లు చూసుకునే అంకుల్ బ్రౌజర్‌లో అది నడుస్తుంది. లోపలికి వచ్చేది శుభ్రం చేయడం, బయటికి పోయేది ఎస్కేప్ చేయడం, రెండూ కలిపి పట్టేది పది లైన్లు. దీనికి టైం లేదంటే ఒప్పుకోను. ఫారం తీసేసి అంకుల్ దుకాణం నంబరు పెట్టేశా.

మిగతాది జరిగిపోయింది. సైటు కాపీ ఒకటి వేరే చోట పెట్టుకుని, అక్కడ చిన్న ప్లగిన్ రాసి పోస్ట్ టైప్‌ను అదే పేరుతో దాంట్లోకి మార్చా. పేరు ఒక్క అక్షరం మారినా పాతవి కనబడవు. రీఫ్రెష్ కొడితే జంపఖానాలన్నీ వరసగా వచ్చి కూర్చున్నాయి, పచ్చ అంచు, నీలం పట్టీ, నెమలిది. సంతోషమే. చైల్డ్ థీమ్ యాక్టివేట్ చేయగానే లోగో మాయమైంది, అది థీమ్ థీమ్‌కూ విడిగా ఉంటుంది కాబట్టి. మళ్లీ పెట్టా.

ఇంకొకటుంది. లింకులు కూడా తెలుగులోనే కావాలంటాడు అంకుల్. లింకులో ఒక్కో తెలుగు గుర్తు తొమ్మిది అక్షరాల చిక్కుముడి అవుతుంది, వర్డ్‌ప్రెస్ స్లగ్‌ను, అంటే లింకులో పేజీ పేరు ముక్కను, 200 అక్షరాలు దాటనివ్వదు. అంటే ఇరవై రెండు గుర్తులు దాటితే కోత. వత్తుకు, గుణింతానికి కూడా లెక్కే. వాట్సాప్‌లో పంపితే శాతం గుర్తులతో అర గజం పొడుగు. ఇంగ్లిష్ అక్షరాల్లోనే పెడదామని నచ్చజెప్పాలి. ఒప్పుకుంటాడో లేదో, మా వాడ పేరు అని మొదలుపెడతాడు.

బిల్లు సంగతి ఇంకా తేల్చలేదు. ఆయన కంటికి కనబడేది ఒక్క వత్తు, మిగతాదంతా గోడ వెనక పని.

బ్యాకప్ ఇప్పుడే దిగింది. అసలు సైటు మీద అప్‌డేట్ మాత్రం ఈ రాత్రి నొక్కను. పొద్దున పదకొండింటికి, అంకుల్ దుకాణం తెరిచి ఫోన్ దగ్గర ఉన్నాక నొక్కుతా.