సుగ్గి ఊళ్లో ఫోరం నాటకం: నా అనుభవం

బాల్యవివాహాల మీద వీధి నాటకం అంటే మన దగ్గర ఒక మూస స్థిరపడిపోయింది. తాగి వచ్చే తండ్రి, కొంగుతో కళ్లు తుడుచుకునే తల్లి, చివర్లో వచ్చి 2006 నాటి చట్టాన్ని చదివి వినిపించే అధికారి. ఆపైన అందరూ కలిసి ఒక నినాదం, ఒక గ్రూప్ ఫొటో. అలాంటి నాటకాల వల్ల మేలు జరగలేదని నేను అనను. అమ్మాయికి 18, అబ్బాయికి 21 ఏళ్లు నిండాలనీ, ఆపద వస్తే 1098కి ఫోన్ చేయవచ్చనీ ఊరూరా తెలిసిందంటే అందులో వాటి పాత్ర ఉంది. కానీ కర్నూలు జిల్లా పడమటి మండలాల్లో పని మొదలుపెట్టాక నాకు ఎదురైన తల్లులకు ఆ చట్టం ముందే తెలుసు. తెలిసే పెళ్లి చేస్తున్నారు. అలాంటి చోట నాటకం ఏం చేయాలి?

ఆదోని, కోసిగి, కౌతాళం వైపు భూములు ఎక్కువగా వానను నమ్ముకున్నవి. పంట చేతికందిందో లేదో తేలిపోయాక ఇళ్లకు తాళాలు పడతాయి. దాన్ని అక్కడ సుగ్గి అంటారు. పత్తి తీయడానికి, గుంటూరు వైపు మిరప కోయడానికి, బెంగళూరులో కట్టుబడి పనులకు ఊళ్లకు ఊళ్లు కదులుతాయి. మరి పదమూడు, పద్నాలుగేళ్ల ఆడపిల్ల సంగతి? వెంట తీసుకెళ్తే బడి పోతుంది, చేను గట్టున గుడారంలో పడుకోవాలి, స్నానానికి చాటు ఉండదు. వదిలి వెళ్తే అవ్వ ఒక్కతే కాపలా. ఎటు చూసినా భయమే కాబట్టి, ఆ భయాన్ని అత్తవారింటికి అప్పగించి లారీ ఎక్కుతున్నారు. ఈ లెక్కను ఏ నినాదమూ తాకదు.

నాకు గజ్జె కట్టడం నేర్పినవాళ్లు 1990ల తొలినాళ్లలో నెల్లూరు జిల్లా అక్షరాస్యత కళాజాతాల్లో తిరిగినవాళ్లు. చదువుకోవడానికి కూర్చున్న దూబగుంట ఆడవాళ్లు సారా అంగడి మీదికి వెళ్లడం, ఆ సెగ జిల్లాలు దాటడం, 1993 అక్టోబరు 1 నుంచి సారా నిషేధం రావడం వాళ్లు కళ్లారా చూశారు. వాళ్ల దగ్గర నేను విన్నది ఒక్కటే: జనం తమ కథను తాము చెప్పుకోవడం మొదలుపెడితే కళాకారుడు పక్కకు తప్పుకోవాలి. అలా తప్పుకోవడానికి ఒక పద్ధతి ఉందని బ్రెజిల్ నాటకకర్త అగస్టో బోల్ పని గురించి తెలుసుకున్నాక అర్థమైంది. 1973లో ఆయన పెరూలో అక్షరాస్యత కార్యక్రమంలో ఉన్నాడు. ప్రేక్షకులు చెప్పిన సలహాలను నటులు ఆడి చూపేవారు. తాను చెప్పింది ఇది కాదని ఒకామె పదే పదే అడ్డుపడితే, నువ్వే వచ్చి చేసి చూపించమన్నాడు. ఫోరం నాటకం అలా పుట్టింది.

పద్ధతి చెప్పడానికి తేలిక. నాటకాన్ని మొదట ఆపకుండా ఆడతాం. చెడుగానే ముగుస్తుంది. వెంటనే మళ్లీ మొదటినుంచి ఆడతాం. ఈసారి చూసేవాళ్లలో ఎవరైనా "ఆపండి" అని లేచి, నలిగిపోతున్న పాత్ర స్థానంలోకి వచ్చి తమ దారి ప్రయత్నించవచ్చు. నలిపేవాడి పాత్రను మాత్రం మార్చకూడదు. తండ్రిని ఒక్కసారిగా మంచివాణ్ని చేసేస్తే నాటకం అయిపోతుంది, ఊరు అలాగే ఉంటుంది. మధ్యలో సూత్రధారి ఉంటాడు. ఆయన తీర్పు చెప్పడు, ప్రశ్న వేస్తాడు.

ఆచరణలో మొదటి పని వినడం. చాలా రోజుల పాటు మేం నాటకం ఊసే ఎత్తలేదు. బోరింగు దగ్గర, రేషన్ దుకాణం ముందు, సాయంత్రాలు అరుగుల మీద కూర్చున్నాం. ఆ తర్వాత బడి అయ్యాక వచ్చే ఆడపిల్లలతో, కొందరు తల్లులతో ఒక జట్టు ఏర్పడింది. కాగితం మీద మాటలు రాయలేదు. మాట లేకుండా, ఒకరి శరీరాలను ఒకరు బొమ్మల్లా మలిచి, లారీ వచ్చే రోజును చూపించమన్నాం.

ఎనిమిదో తరగతి పిల్ల ఒకతి ముందుకొచ్చింది. కూలీలను పోగు చేసి పనికి తీసుకెళ్లే మేస్త్రీని నడిమధ్య నిలబెట్టింది. తండ్రి మెడను మేస్త్రీ అరచేయి కిందికి వచ్చేలా వంచింది. తల్లిని మూట కడుతున్నట్టు కూర్చోబెట్టి, ముఖం మాత్రం వెనక్కి తిప్పింది. అవ్వ చేతిలో తాళం పెట్టింది. ఇక తనకు చోటు వెతుక్కుంటూ ఆ బొమ్మ చుట్టూ తిరిగింది. తల్లి పక్కన నిలబడి చూసింది, అవ్వ వెనక నిలబడి చూసింది. చివరికి గది గుమ్మం దాటి బయట నిలబడి, "నేను ఇక్కడ అక్కా" అంది. మా నాటకానికి కథ అదే. మేస్త్రీని తీసుకురమ్మని ఆమెకు ఎవరూ చెప్పలేదు. చట్టం చదివే నాటకాల్లో మేస్త్రీ ఉండడు, అతను ముందే ఇచ్చిన అడ్వాన్సూ ఉండదు. పెళ్లికి ముహూర్తం పెట్టేది మాత్రం ఆ అడ్వాన్సే.

ఆ పాత్ర వల్లే ఊళ్లో గుసగుసలు మొదలయ్యాయి. ఎవరిని ఉద్దేశించి ఆడుతున్నారని పెద్దమనుషులు అడిగారు. ఊళ్లో మేస్త్రీపని చేసే ఆయన్నే రిహార్సల్‌కు పిలిచాం. చివరిదాకా చూసి, "నేనూ రైతుకు మాట ఇచ్చాకే కూలీలను పోగు చేస్తాను. మనిషి తగ్గితే ఆ డబ్బు నేను కట్టాలి. అదీ చూపించండి" అన్నాడు. చూపించాం. నాటకానికి బలం పెరిగింది. ఇక అనుమతుల సంగతికి వస్తే, సర్పంచి సరేనన్నారు. మైకు వద్దనుకున్నాం కాబట్టి దాని అనుమతి కోసం తిరిగే పని తప్పింది.

భోజనాల వేళ దాటాక వీధి దీపం కింద డప్పు మోగించాం. జనం చుట్టూ కూర్చున్నారు. మొదటి ఆట ముగిసేసరికి చప్పట్లు లేవు. నాకు అది మంచి గుర్తు.

రెండో ఆటలో ముందు లేచింది ఒక కాలేజీ కుర్రాడు. ఆడపిల్ల స్థానంలో నిలబడి పోలీసులను పిలుస్తానన్నాడు. తండ్రి వేషంలో ఉన్న మా నటుడు తొణకలేదు. "పిలువు. పెళ్లి ఆపి వెళ్లిపోతారు. రేపు మేం లారీ ఎక్కాక రాత్రి నీకు తోడు ఎవరు పడుకుంటారు?" అన్నాడు. కుర్రాడు కాసేపు నిలబడి వెళ్లి కూర్చున్నాడు. ఎవరూ నవ్వలేదు. తర్వాత ఒక పెద్దాయన పిల్లను తన ఇంట్లో ఉంచుకుంటానన్నాడు. ఎంతమందిని ఉంచుకుంటారని సూత్రధారి అడిగాడు. ఆయన దగ్గర జవాబు లేదు.

అప్పుడు వెనక వరుసలోంచి ఒక నడివయసు ఆమె "ఆపండి" అంది. కొంగు నడుముకు దోపుకుంటూ వచ్చి తల్లి స్థానంలో నిలబడింది. భర్తతో ఒక్క మాటా మాట్లాడలేదు. తిన్నగా మేస్త్రీ వైపు తిరిగింది. "అడ్వాన్సు తిన్నాం, వస్తాం. కానీ హాస్టల్ తెరిచి పిల్లను చేర్చిన మర్నాడు వస్తాం." మేస్త్రీ వేషగాడు లారీ ఆగదన్నాడు. ఆమె జనం వైపు తిరిగింది. "ఆడపిల్లలున్న ఇళ్లలో ఎవరమూ ఎక్కకపోతే లారీ ఖాళీగా వెళ్తుందా? ఏమ్మా, మీరు ఎక్కుతారా?" కూర్చున్న చోటినుంచే ఆడవాళ్లు "ఎక్కం" అన్నారు. నాటకం మా చేతుల్లోంచి వెళ్లిపోయింది. గతేడాది వలస పిల్లల కోసం సీజనల్ హాస్టల్ తెరిచేసరికే సగం ఊరు వెళ్లిపోయిందని ఒకరు, ఆడపిల్లలకు వేరే గది, గడియ ఉన్న తలుపు కావాలని ఇంకొకరు. చట్టం గురించి వినీ వినీ అలసిన ఊరు తేదీ గురించి, తలుపు గురించి మాట్లాడింది.

మర్నాడు అర్జీ రాశారు. సోమవారం కలెక్టరేట్‌కు తీసుకెళ్లారు. పిల్లల సంఖ్య తేలకుండా హాస్టల్ మంజూరు కాదని అక్కడ చెప్పారు. ఆడవాళ్లే ఇల్లిల్లూ తిరిగి జాబితా తయారు చేశారు. బోల్ 1992లో రియో నగర పాలక మండలికి ఎన్నికై, జనం ఆడిన నాటకాల్లోంచి వచ్చిన 13 ప్రతిపాదనలను చట్టాలుగా చేయించాడు. మాది అంత పెద్ద సంగతి కాదు. ఆ ఏడాది లారీల కంటే ముందే హాస్టల్ తెరిచారు. తలుపు మాత్రం ఆలస్యంగా వచ్చింది. కొందరు పిల్లలు చదువులో నిలబడ్డారు. మాతో రిహార్సల్ చేసిన ఒక పిల్లకు పెళ్లి జరిగిపోయింది. ఆ ఇంటికి వెళ్లి కూర్చున్నాం. తల్లి నీళ్లిచ్చింది, ఏమీ మాట్లాడలేదు.

ఇలాంటి పనికి డబ్బు పుట్టడం కష్టం. ఎన్ని ఊళ్లు, ఎన్ని ప్రదర్శనలు అని అడుగుతారు. ఒకే ఊళ్లో ఒక సీజనంతా ఉండి ఒక్క నాటకం ఆడామంటే దాతలకు నచ్చదు. అయినా నేను ఆ ఒక్క ఊరి వైపే ఉంటాను.

ఇప్పుడు ఆ జట్టు రెండో నాటకం కడుతోంది. విషయం వాళ్లే ఎంచుకున్నారు: మిరప చేలో కాటా. కిలోల లెక్కన కూలి ఇచ్చే చోట తూకం ఎవరు చూస్తారు, ఎవరు రాస్తారు అన్నదే కథ. ఆ రాత్రి తల్లి స్థానంలోకి వచ్చినామె ఈసారి మేస్త్రీ వేషం తనకే కావాలంది. ఇచ్చాం.