ఓటు లేకపోయినా లెక్కలో ఉన్నాం: కాలిఫోర్నియా నియోజకవర్గాల పునర్విభజనలో నా అనుభవం

కాలిఫోర్నియా కొత్త నియోజకవర్గాల పటాలు 2021 డిసెంబరు 27న రాష్ట్ర కార్యదర్శి కార్యాలయానికి చేరాయి. మా ఫ్రీమాంట్ నగరం మళ్లీ రెండు ముక్కలుగానే మిగిలింది. పెద్ద ముక్క కాంగ్రెస్ (అమెరికా పార్లమెంటు) 17వ నియోజకవర్గంలోకి, చిన్న ముక్క 14వ దానిలోకి వెళ్లాయి. ఊరంతా ఒకే నియోజకవర్గంలో ఉండాలని నేను అడిగింది పూర్తిగా దక్కలేదు. అయినా ఈ వ్యవహారంలో నాకు జరిగినది, నేను తెలుసుకున్నది కోపం చల్లారకముందే రాసి పెడుతున్నాను. మళ్లీ జనగణన జరిగి మళ్లీ సరిహద్దు గీతలు గీసేటప్పుడు ఎవరికైనా పనికొస్తుంది.

2021లో ఈ రాష్ట్రంలో గీతలు గీసింది శాసనసభ్యులు కాదు. 2008లో, 2010లో ప్రజలు ఓటు వేసి ఆ పనిని పద్నాలుగు మంది సాధారణ పౌరుల కమిషన్‌కు అప్పగించారు. అందులో అయిదుగురు డెమోక్రాట్లు, అయిదుగురు రిపబ్లికన్లు, ఆ రెండు పార్టీలకూ చెందనివారు నలుగురు. మొదటి ఎనిమిది మందిని లాటరీ తీసి ఎంపిక చేస్తారు, ఆ ఎనిమిది మంది మిగతా ఆరుగురిని ఎన్నుకుంటారు. ఏ పార్టీకి లాభమో, ఏ సభ్యుడి ఇల్లు ఎక్కడుందో వారు చూడకూడదు. ఒకే రకమైన సామాజిక, ఆర్థిక ప్రయోజనాలున్న జనాన్ని వీలైనంతవరకు ఒకే చోట ఉంచాలని రాష్ట్ర రాజ్యాంగమే చెబుతోంది. మా జనం ఎక్కడి నుంచి ఎక్కడివరకు ఉన్నారో, మమ్మల్ని కలిపేది ఏమిటో మేమే చెప్పుకోవాలి. అందుకు పౌరసత్వం ఉండాలని ఎక్కడా లేదు.

నాకు పౌరసత్వం లేదు. హెచ్‌-1బి ఉద్యోగ వీసా మీద వచ్చి, గ్రీన్‌కార్డు వరుసలో నిలబడి ఉన్నవాణ్ణి. ఆ వరుస సంగతి తెలుగువారికి నేను చెప్పనక్కరలేదు. ఏడాదికి ఇచ్చే గ్రీన్‌కార్డుల్లో ఏ దేశానికీ ఏడు శాతానికి మించి ఇవ్వకూడదన్న 1990 నాటి నియమం మమ్మల్ని ఏళ్ల తరబడి నిలబెట్టింది. ఆ పరిమితి తీసేసే బిల్లు 2019 జూలైలో ప్రతినిధుల సభలో 365–65 ఓట్లతో గెలిచి కూడా చట్టం కాలేదు. 2021లో నా భార్య పని అనుమతి పునరుద్ధరణ సమయానికి రాక ఉద్యోగం పోయింది. అప్పుడు మేము తలుపు తట్టింది కాంగ్రెస్ సభ్యుడి కార్యాలయాన్నే. అదే ఇబ్బందిలో ఉన్న మా స్నేహితులు నాలుగు వీధుల అవతల ఉంటారు. పిల్లల బడి, గుడి, కూరగాయల దుకాణం అన్నీ ఒకటే. 2011లో గీసిన గీత వల్ల వారు 15వ నియోజకవర్గం, మేము 17. ఇద్దరం వేర్వేరు కార్యాలయాలకు, వేర్వేరు కాగితాలు పట్టుకుని వెళ్లాం.

మాది హనుమకొండ. పి.వి. నరసింహారావు గారిని 1977లో, 1980లో లోక్‌సభకు పంపిన నియోజకవర్గం 2009 ఎన్నికల నాటికి పటంలోనే లేకుండా పోయింది. మా నాన్నగారికి ఆ సంగతి ఎన్నికల నోటిఫికేషన్ వచ్చాకే తెలిసింది. అక్కడా నియోజకవర్గాల పునర్విభజన కమిషన్ బహిరంగ విచారణలు జరిపింది, కానీ మా వీధిలో ఎవరి చెవినా పడలేదు. ఇక్కడ పిలిచి మరీ అడుగుతున్నప్పుడు నోరు మూసుకుని కూర్చోవడం నా వల్ల కాలేదు.

మొదటి మెట్టు సులువు. కమిషన్ పెట్టిన వెబ్‌సైటులో మన ప్రాంతాన్ని పటం మీద గీసి, పక్కన నాలుగు మాటలు రాయాలి. ఒక సాయంత్రంలో అయిపోయింది.

నవంబరు 10న ముసాయిదా పటాలు వచ్చాక మా చుట్టుపక్కల నివాసులంతా కలిసి ఒక ఉమ్మడి ఉత్తరం పంపాలనుకున్నారు. అందుకు వీడియో సమావేశం పెట్టారు. వలస కుటుంబాల గురించిన భాగం నన్ను రాయమన్నారు, రాసి ముందే పంపాను. నా వంతు వచ్చింది. మొదటి వాక్యం పూర్తి కాకముందే అధ్యక్షత వహిస్తున్న పెద్దమనిషి, "మీరు ఇక్కడ నమోదైన ఓటరేనా?" అని అడిగాడు. కాదన్నాను. "ఇది ఓటర్ల ఉత్తరం. మీరు వినండి, చాలు" అని నా మైకు ఆపేశాడు. నేను మాట్లాడుతూనే ఉన్నాను. తెర మీద నా పెదవులు కదులుతున్నాయి, మాట మాత్రం ఎవరికీ చేరడం లేదు. పక్కన కూర్చున్న మా అబ్బాయి, "నాన్నా, నీ మాట వాళ్లకు వినపడటం లేదు" అన్నాడు. వాడు ఈ దేశంలో పుట్టిన పౌరుడు. వాడి ముందు జరిగిందిది.

దీనికన్నా ఎక్కువ గుచ్చుకున్నది తర్వాత జరిగింది. ఆ సమావేశంలో మా తెలుగు సంఘం కార్యదర్శి ఉన్నారు. చాలా ఏళ్ల కిందటే పౌరసత్వం తీసుకున్నవారు. ఆయన ఒక్క మాట అంటే చాలు, నా మైకు తెరుచుకునేది. ఆయన గొంతు సవరించుకుని, "అతను కొత్తగా వచ్చాడు, విషయం తెలియదు. మీరు కొనసాగించండి" అన్నారు. నేను ఈ ఊరికి వచ్చి పదేళ్లు దాటింది. నాకు తెలియనిదేమిటో ఆయన ఇప్పటికీ చెప్పలేదు.

ఆ రాత్రి ఆయనే ఫోను చేశారు.

"చూడు తమ్ముడూ, మనం ఇక్కడ అతిథులం. ఓటు లేని వాళ్లం పటాల జోలికి వెళితే ఎదుటివారి చూపు అనవసరంగా మన మీద పడుతుంది."

"మీకు ఓటు ఉంది కదండీ. మీరే మాట్లాడవచ్చు కదా?"

"నాకు ఆ పెద్దాయనతో పదిహేనేళ్ల పరిచయం. పండక్కి హాలు ఇప్పించేది ఆయనే."

హాలు కోసం మనిషి నోరు మూయించడం సంఘసేవ ఎలా అవుతుంది? వేదిక ఎక్కినప్పుడల్లా తెలుగువారి ఐక్యత అని మాట్లాడేవారికి ఆ ఐక్యత అవసరమైన గంట ఇదే. అప్పుడు మొహం తిప్పుకున్నవారిని నేను మరిచిపోను.

ఆ పెద్దమనిషి మాటకు జవాబు కూడా ఇక్కడే రాస్తున్నాను. నియోజకవర్గాలు గీసేది ఓటర్ల సంఖ్య మీద కాదు, మనుషుల సంఖ్య మీద. సీట్ల పంపకానికి రాష్ట్రంలో ఉన్న మొత్తం వ్యక్తులను లెక్కించాలని అమెరికా రాజ్యాంగం పద్నాలుగో సవరణ అంటోంది. 2020లో జనగణన ఫారం నింపినప్పుడు మా ఇంట్లోని ప్రతి ప్రాణమూ లెక్కలోకి వెళ్లింది. కాలిఫోర్నియాకు ఉన్న 53 సీట్లు ఈసారి 52 అయ్యాయి, ఒక్కో నియోజకవర్గానికి 7,60,066 మంది చొప్పున వచ్చారు. ఆ సంఖ్యలో నేనున్నాను, నా భార్య ఉంది. మమ్మల్ని లెక్కలో కలుపుకుని సీటు తీసుకుని, మాట దగ్గర మాత్రం మీరు లెక్కలో లేరనడం న్యాయం కాదు.

ఉమ్మడి ఉత్తరంలో నా భాగం తీసేశారు. నేను సొంతంగా రాశాను. వారి ఉత్తరంలో ఉన్నది ఇళ్ల ధరలూ, ఊరి ప్రతిష్ఠా. నా ఉత్తరంలో లెక్క ఉంది. 2020 జనగణన ప్రకారం ఫ్రీమాంట్ 2,30,504, సన్నీవేల్ 1,55,805, శాంటాక్లారా 1,27,647, మిల్పిటాస్ 80,273, కూపర్టినో 60,381, నూవార్క్ 47,529. ఈ ఆరు నగరాలనూ ముక్క చేయకుండా కలిపితే 7,02,139. మిగిలిన దాదాపు యాభై ఎనిమిది వేల మందిని పక్కనే ఉన్న ఉత్తర శాన్‌హోజే నుంచి తీసుకుంటే చాలు, ఫ్రీమాంట్‌ను కోయనక్కరలేదు. ఈ పని ఇంతవరకు ఎవరూ ఇంత శుభ్రంగా చేసి చూపలేదని గణితం చెప్పే మా పక్కింటి టీచరు గారు అన్నారు. ఆ మాట నాకు గర్వంగానే ఉంది.

లెక్క ఒక్కటే సరిపోదు కాబట్టి జనం గురించి కూడా రాశాను. ఫ్రీమాంట్ 1956లో అయిదు ఊళ్లు కలిసి ఏర్పడిన నగరం. వాటిలో సెంటర్‌విల్ పరిసరాల్లో అమెరికాలోనే పెద్దవైన ఆఫ్ఘన్ సముదాయాల్లో ఒకటి ఉంది. 2021 ఆగస్టులో కాబూల్ పడిపోయినప్పుడు తమవారిని బయటికి తెప్పించుకోవడానికి ఆ కుటుంబాలు పరుగెత్తింది కూడా కాంగ్రెస్ సభ్యుల కార్యాలయాలకే. వార్మ్ స్ప్రింగ్స్ వైపు మాలాంటి ఇంజినీర్ల ఇళ్లు. భాషలు వేరు, మతాలు వేరు, అవసరం ఒకటే: వలస శాఖ దగ్గర ఆగిపోయిన కాగితం కదలాలి. ఒక ఆఫ్ఘన్ పెద్దాయన నా ఉత్తరం చదివి, తన కుటుంబం సంగతి కూడా కలపమన్నారు. కలిపాను. మా సంఘం నుంచి రాని సంతకం ఆయన దగ్గర నుంచి వచ్చింది.

ఉత్తరం పంపాక కమిషన్ సమావేశానికి ఫోనులో కూడా చెప్పాను. వరుసలో చాలాసేపు ఆగాలి, నంబరు చివరి అంకెలతో పిలుస్తారు, ఇచ్చే సమయం చిన్నది. కాగితం మీద రాసుకుని పెద్దగా చదివి గడియారం చూసుకోండి. మొదటి వాక్యంలోనే ఊరి పేరు, ఏ వీధి నుంచి ఏ వీధి వరకు అన్నది చెప్పండి. పండుగలు, భోజనాలు, మన ఘనత వద్దు. గీత తప్పు చోట పడితే మీకు ఏ పని ఆగిపోతుందో అది చెప్పండి. నన్ను అక్కడ ఎవరూ ఓటరువా అని అడగలేదు. చివరి వరకు విన్నారు.

డిసెంబరు 20న పద్నాలుగు మందీ ఏకగ్రీవంగా పటాలను ఆమోదించారు. నేను రాసిన ఆరు నగరాలూ 17వ నియోజకవర్గంలోకే వచ్చాయి, ఫ్రీమాంట్ అంచు మాత్రం కోతకు గురైంది. మా స్నేహితుల వీధి ఆ పటంలో మాతోనే పడింది.

మొన్న మా తెలుగు సంఘం కార్యదర్శి గారు మళ్లీ ఫోను చేశారు. ఉగాది సంచికలో వేస్తామని, నా ఉత్తరం పంపమని అడిగారు. పంపనని చెప్పాను. కావలసిన వారు నన్నే అడగండి, లెక్కల కాగితంతో సహా ఇస్తాను. జిల్లా (కౌంటీ) పాలక సభ్యులైన సూపర్‌వైజర్ల గీతలకూ, నగర కౌన్సిల్ గీతలకూ ఇదే పద్ధతిలో రాయవచ్చు.